పోల్డార్కు నవలలు: టెలివిజను రూపము



శ్రీనాథ మహాకవి శ్రీహర్షుని నైషధమును తెనిగించి పండితులకు వినిపించినప్పుడు, వారు, నీ డుమువులు నీవు తీసికొని మా నైషధము మా కిచ్చివేయుమని పరిహసించిరని మన పెద్దలు ఒక కథ చెప్పుదురు. ఇది నిజముగా జరిగినదో, ఎవరైన రసికులు కల్పించినదో నిశ్చయింపజాలము. అయినను ఈ పరిహాసమునం దొక పాతనొప్పి యున్నది. ఒక రూపమున మన మనస్సునకు హత్తుకొనిన గ్రంథము మరియొక రూపము తాల్చి ఎదుట నిలిచినప్పుడు, అది మనదే యనియు, మనది కాదనియు ఒక్కసారిగా తోచును.

అట్లని మార్పు చేసిన ప్రతివానిని మనము నిందింపలేదు. తిక్కన సోమయాజి విరాటపర్వమున కీచకుని కథను ఎంతయో పెంచి చెప్పెను. సంస్కృతమున లేని మాటలు, చూపులు, నిట్టూర్పులు అందు చేర్చెను. దానిని మన మెవ్వరమును తప్పుగా నెంచలేదు. ఏలనగా కీచకుని చావునకు ద్రౌపది పొందిన అవమానమే కారణమన్న మూలమును ఆయన కదలింపలేదు. కాబట్టి ఒక కథ మారినదని వినినంతనే ఉలికిపడక, అందు ఏది మారినదని అడుగుట మేలు. జరిగినది మారినదా? జరుగుటకు కారణము మారినదా? ఈ రెంటికిని చాల భేదము కలదు.

నేడు ఈ ప్రశ్న ఎక్కువగా పుట్టుచోటు టెలివిజను. అందును చారిత్రక ప్రణయ నవలలు ఆ తెరమీదికి వచ్చునప్పుడు తగవు ముదురుచుండును. ఒక గడచిన కాలమును రంగముగా నిలిపి, అందొక స్త్రీపురుషుల అనురాగమును నడపు నవలను చారిత్రక ప్రణయ నవల యందురు. దీనికి ఇరువురు హక్కుదారులు. చరిత్ర నెరిగినవాడు గుడ్డలు, గుఱ్ఱపు జీనులు, దీపపు సెమ్మెలు సరిగా నున్నవా యని చూచును. ప్రణయమును కోరువాడు నాయికానాయకుల కన్నులనే చూచును. వీరిద్దరి నడుమ నలిగిపోవునది మూడవది యొకటి గలదు. అదియే ఆ కాలపు బ్రదుకుతెరువు. ఈ సంగతిని సామాన్యముగా చెప్పుటకంటె ఒక్క ఉదాహరణమును పట్టుకొని చెప్పుట సులభము. ఇంగ్లండు దేశమున రెండు తరములవారు రెండు మారులు టెలివిజనులో చూచిన పోల్డార్కు కథను తీసికొందును.

ఆ నవలల కర్త విన్‌స్టన్ గ్రాహం. ఆయన 1908 లో మాంచెస్టరు నగరమున పుట్టి, పదునేడవ యేట ఇంగ్లండునకు నైరృతి కొనయైన కార్న్‌వాల్ సముద్రతీరమునకు, పెరన్‌పోర్త్ అను ఊరికి, కుటుంబముతో వచ్చి చేరెను. రెండవ ప్రపంచ యుద్ధకాలమున తీరరక్షక దళములో కొలువు చేసెను. ఆ గట్టులపై పాడువడిన గనుల గోడలు, పొగగొట్టములు నేటికిని నిలిచియున్నవి. మిత్రు నొకని ఇంటిపేరును కొంచెము మార్చి నాయకునికి పోల్డార్క్ అని పేరు పెట్టెను. రైలుబండిలో తన యెదుట కూర్చుండిన ఒక గాయపడిన వైమానికుని ముఖమును నాయకుని ముఖముగా మనసున నిలుపుకొనెను. నాయికకు పెట్టిన డెమెల్జా అను పేరు ఆ ప్రాంతమున ఒక చిన్న పల్లెపేరు. మన వైపున ఊరిపేరు ఇంటిపేరగుట కలదు గాని ఆడుబిడ్డకు పేరగుట అరుదు. మొదటి నవల 1945 లో అచ్చుపడినది. పండ్రెండవది, కడపటిది, 2002 లో. మరుసటి సంవత్సరము ఆయన కాలధర్మము నొందెను. అనగా ఏబదియేడు సంవత్సరములు ఒక్క కుటుంబపు కథను విడిచియు విడువకయు వ్రాసెను.

కథ 1783 లో మొదలగును. మన గుంటూరు సర్కారు కుంఫిణీవారి వశమగుటకు అయిదేండ్ల ముందటి మాట. రాస్ పోల్డార్క్ అను యువకుడు అమెరికా యుద్ధమున గాయపడి, ముఖమున కత్తిగాటుతో ఇంటికి వచ్చును. తండ్రి చనిపోయినాడు. ఇల్లు పాడువడినది. జడ్, ప్రూడీ అను తాగుబోతు దంపతులు నౌకరులుగా నుండి కోళ్ళను ఇంటిలో త్రిప్పుచున్నారు. తాను ప్రేమించిన ఎలిజబెత్తు అతడు మరణించెనని తలచి పెదతండ్రి కొడుకగు ఫ్రాన్సిసును పెండ్లాడుటకు ఒప్పుకొనినది. చేత డబ్బు లేదు. ఉన్న గని పనిచేయుట లేదు. ఇట్టి స్థితిలో రాస్ రెడ్రూత్ అను ఊరి సంతకు పోయి, అక్కడ అల్లరిమూకల చేత చిక్కి దెబ్బలు తినుచున్న ఒక గనికూలివాని బిడ్డను, దాని కుక్కతో సహా, ఇంటికి తెచ్చి వంటింటి పనికి పెట్టుకొనును. ఆ పిల్లయే డెమెల్జా. అప్పటికి పదుమూడేండ్లది. పదునేడవ యేట ఆమె ఆ యింటి యజమానురా లగును.

ఈ పెండ్లియే మనకు కావలసిన సంగతి. నవలలో ఇది ఎట్లు జరిగినదో వినుడు.

రాస్ పొలమున కూలిచేయు జిమ్ కార్టరు అను కుఱ్ఱవాడు ఊపిరితిత్తుల వ్యాధిగలవాడు. ఇంట ఆకలి. ఒక పెద్దమనిషి అడవిలో రాత్రివేళ పక్షులను పట్టి చిక్కెను. రాస్ న్యాయస్థానమునకు పోయి, న్యాయాధికారులు తన తరగతివారే గనుక తన మాట వినెదరను నమ్మకముతో, వానిని విడువుమని వాదించెను. కాని ఓర్పు చాలక వారిని ఎదిరించి మాటాడెను. జిమ్మునకు రెండేండ్ల చెర విధింపబడెను. ఆ రాత్రి రాస్ తాగి, తన జాతివారిపై రోతతో ఇల్లు చేరును. అక్కడ డెమెల్జా, అతని తల్లి పెట్టెలోని నీలపు పట్టుదుస్తు తీసి కట్టుకొని యుండును. ఆ రాత్రి వారిద్దరును ఒకటగుదురు. తరువాత కొలది దినములకే రాస్ ఆమెను చర్చికి తీసికొనిపోయి పెండ్లాడును. 1787 జూను మాసమున ఇది జరిగెను. వారి తొలిచూలు బిడ్డ 1788 మే మాసమున పుట్టెను.

లెక్క చూచుకొనుడు. పదునొకండు నెలలు. అనగా ఆమె గర్భవతి యైనందున అతడు పెండ్లాడలేదు. ఎవరును అతనిని బలవంతపెట్టలేదు. పెద్దమనుష్యులు వంటలక్కతో ఎట్లు ప్రవర్తింతురో అట్లే ప్రవర్తించినను ఆ కాలమున అతనిని అడుగువారు లేరు. అతడు పెండ్లాడెను. ఎందుకన, జిమ్మును చెరకు పంపిన ఆ పెద్దమనుష్యులతో తనకు బంధము తెగినదని ఆ మధ్యాహ్నమే తెలిసికొనెను. ఆ యింట తన యెదుట పెరిగిన పిల్లయే తనకు తోడని ఆ రాత్రి తెలిసికొనెను. ఈ రెండును విడదీయరానివి. ప్రేమ యన్నది, ఆయన వ్రాసిన దానినిబట్టి, అప్పటికింకను పూర్తిగా పుట్టనేలేదు. పెండ్లియైన పిమ్మట ఒక రాత్రి సముద్రమున చిన్నచేపల గుంపు లోనికి వచ్చి, ఊరి జాలరులందరును పడవలతో వలలతో వెన్నెలలో పనిచేయుచుండగా, ఆలుమగలు చిన్నపడవ నెక్కి చూడబోవుదురు. ఆ నీటిమీద, ఊరి ఆకలి తీరుచున్నవేళ, రాస్ తన సుఖమును తాను గుర్తించును.

1975 లో బి.బి.సి. సంస్థవారు ఈ కథను తొలిసారి టెలివిజనులో చూపిరి. రాబిన్ ఎల్లిస్ నాయకుడు. ఆంగ్హరాడ్ రీస్ నాయిక. మొదటి విడతలో పదునారు భాగములు. ఆదివారపు సాయంకాలములందు ఈ కథ వచ్చుచుండగా కొన్ని ఊళ్ళలో చర్చి ప్రార్థనల వేళను సయితము జరుపుకొనిరని చెప్పుదురు. 1987 లో రామాయణము మన దూరదర్శనులో మొదలైనప్పుడు ఆదివారము ఉదయమున మన వీథు లెట్లు నిర్మానుష్యములయ్యెనో ఎరిగినవారికి ఇది అతిశయోక్తిగా తోపదు. ఆ విడతలో డెమెల్జా గర్భవతి యగును. గర్భము పోగొట్టుకొన నుద్యమించును. అది తెలిసి రాస్ ఆమెను పెండ్లాడును.

చూడుడు. పెండ్లి అదియే. వరుడు, వధువు వారే. కాని మనిషి మారిపోయెను. నవలలోని రాస్ తన తరగతిని త్రోసిపుచ్చి పెండ్లాడినవాడు. తెరమీది రాస్ తప్పుచేసి, దానిని దిద్దుకొనుటకు పెండ్లాడిన మర్యాదస్థుడు. డెమెల్జాయు మారెను. నవలలో ఆమె కోరబడినది. తెరమీద ఆమె అంగీకరింపబడినది. తరువాతి భాగములలో ఆమె, నేను ఈ యింటికి తగుదునా యని మథనపడునప్పుడెల్ల, ఆ మథనమునకు నవలలో ఒక అర్థము, తెరమీద మరియొక అర్థము వచ్చును. ఈ మార్పు గ్రాహమునకు ఎంతమాత్రము రుచింపలేదు. చేసినవారి పక్షమున ఒక్కమాట చెప్పవలెను. భూస్వామి వంటలక్కను ఊరక పెండ్లాడెనన్నచో ప్రేక్షకులు నమ్మరని వారు భయపడిరేమో. పదుమూడేండ్ల నుండి పదునేడేండ్ల వరకు ఆ పిల్ల ఆ యింట పెరిగిన తీరు నవలలో వందల పుటలు. ఆ నాలుగేండ్లు చూపుటకు టెలివిజనునకు వ్యవధి లేదు. కాలము చూపలేనివాడు కాలము చేయవలసిన పనిని మరియొక దానిచేత చేయింపవలసి వచ్చును. అందుచేత కడుపు వచ్చినది.

నలుబది యేండ్లు గడచిన పిమ్మట 2015 లో బి.బి.సి. వారే ఈ కథను మరల మొదలిడిరి. డెబీ హార్స్‌ఫీల్డు అను రచయిత్రి దీనిని తెరకు వ్రాసెను. ఏడన్ టర్నరు, ఎలినార్ టామ్లిన్‌సన్ నాయికానాయకులు. 2019 వరకు అయిదు విడతలు, మొత్తము నలుబది మూడు భాగములు. ఈమె చేసిన మొదటి మంచిపని, ఈ పెండ్లికి దాని కారణమును దానికి మరల ఇచ్చుట. జిమ్ కార్టరు విచారణ, ఆ రాత్రి, నీలపు దుస్తు, వెంటనే పెండ్లి. మూడవ భాగమునకే ఇది ముగియును, వేగము ఎక్కువయే. అయినను ఆకలిగొన్నవాని చెరయు, నాయకుని పెండ్లియు ఒకే దినమున ముడిపడినవన్న సంగతి చూచువారికి తెలియును. ఇంత చేసినచో వేగమును క్షమింపవచ్చును.

ఇక రాగి సంగతి. ప్రణయ నవలలో రాగి ధర ఏలయని మీరడుగవచ్చును. నాకు ఈ కథలో మిక్కిలి నచ్చినది ఇదియే గనుక కొంచెము నిలిచి చెప్పెదను.

కార్న్‌వాల్ దేశమంతయు ఆ కాలమున రాగి, తగరము గనులమీద బ్రదికెను. త్రవ్విన రాగి ఖనిజమును అక్కడ కరగించుట కష్టము, బొగ్గు లేదు. ఓడలమీద వేల్సు దేశమునకు పంపవలెను. కొనువారు కరగించు కంపెనీలవారు. వారు ఒక దినమున ఒకచోట చేరి, చీట్లమీద ధర వ్రాసి మడిచి ఇచ్చెదరు. ఎక్కువ వ్రాసినవానికి సరుకు. చూచుటకు ఇంతకంటె న్యాయమైన బేరము లేదు. కాని కొనువారందరు ముందురాత్రి ఒకచోట కూర్చుండి ధర అనుకొనినచో చీటి యేమి చేయును? సంతలో దళారులు చేతిగుడ్డ క్రింద వ్రేళ్ళు పట్టుకొని ధర కుదుర్చుకొనుట చూచిన మన రైతులకు ఇది వేరుగ చెప్పనక్కరలేదు. దీనికి తోడు ఆంగ్లిసీ ద్వీపమున పేరిస్ కొండలో పైపైననే రాగి దొరకి ధర పడిపోయెను. 1785 లో కార్న్‌వాల్ గనులవారు ధర నిలుపుకొనుటకై నిజముగనే ఒక లోహసంఘమును స్థాపించిరి. గ్రాహం దీనిని చూచి తన కథలో కార్న్‌మోర్ కంపెనీ యని యొకటి కల్పించెను. రాసును మరికొందరు గనుల యజమానులును రహస్యముగా కూడి, తమ సరుకును తామే న్యాయమైన ధరకు కొని కరగించుటకు పూనుకొందురు. పేర్లు బయటపడరాదు. ఏలయనగా వారిలో చాలమంది వార్లెగన్ కుటుంబపు బ్యాంకిలో అప్పుపడినవారు. ఆ వార్లెగనులకు కరగించు కంపెనీలవారితో పొత్తు కలదు. పేరు తెలిసిన మరునాడే అప్పు చెల్లింపుమని తాఖీదు వచ్చును.

ఇప్పుడు ప్రణయము చూడుడు. ఫ్రాన్సిసు సోదరి వెరిటీ ఒక ఓడ కెప్టెనును ప్రేమించినది. ఇంటివారు ఒప్పుకొనరు. డెమెల్జా జాలిపడి, భర్తకు చెప్పకుండ, వారిద్దరిని కలిపి పంపివేయును. ఫ్రాన్సిసు ఇది రాస్ చేసిన ద్రోహమని తలచి, కోపముతో కంపెనీ భాగస్థుల పేర్లను జార్జి వార్లెగనుకు చెప్పివేయును. అప్పులు పిలువబడును. కంపెనీ కూలిపోవును. గనులు మూతపడును. కూలివారి ఇండ్లలో పొయ్యి వెలుగదు. ఒక ఆడుదాని మంచిమనసు, ఒక యువతి పెండ్లి, ఒక ఊరి ఆకలి, ఇవి మూడును ఒకే త్రాడు పేటలు. 2015 నాటి చిత్రణమున ఈ త్రాడు తెగలేదు. చీట్ల వేలమును, బ్యాంకి తాఖీదులను, ప్రేమలేఖలను ఒకదాని ప్రక్క ఒకటిగా చూపిరి. రాగి ధరను చూచుటకు ఆదివారము రాత్రి ఎవడు కూర్చుండునని వెనుదీయలేదు. కోటలు, గట్టులు, గుఱ్ఱపు పరుగులు లేకపోలేదు. అవి కొంత ఎక్కువే. నాయకుడు ఏ పనికి పోయినను సముద్రపు గట్టు వెంబడి గుఱ్ఱమును దౌడు తీయించుచునే యుండునని విమర్శకులు నవ్విరి. అందు అబద్ధము లేదు.

పైకి కనబడు వానిలో అన్నిటికంటె ఎక్కువ పేరు వచ్చినది ఒక గడ్డికోత. నాయకుడు చొక్కా విప్పి, పొడుగు పిడిగల కొడవలితో గడ్డి కోయును. పత్రికలలో కొన్ని వారములు ఇదే సంభాషణ. మన ఊళ్ళలో కోతకు పోవువాడు చొక్కా తొడుగుకొని పోయిననే వింత గనుక, దీనిపై అంత గందరగోళమేలో మనకు తెలియదు. ఆ దేశపు కోతపనివారు మాత్రము వేరు ఆక్షేపణ చేసిరి. ఆ కొడవలి పట్టు సరిగా లేదనియు, అట్లు బలముగ విసరినచో గడ్డి తెగదనియు, మనిషి అలసిపోవుననియు చెప్పిరి. ప్రేక్షకులలో ఒక్కడైన పని తెలిసినవాడుండును. వాని కన్ను కప్పుట కష్టము.

జడ్, ప్రూడీ దంపతులను గూర్చి ఒక్కమాట. మన తోలుబొమ్మలాటలో కథ బరువెక్కినప్పుడు కేతిగాడును బంగారక్కయు వచ్చి తిట్టుకొని, కొట్టుకొని, ప్రేక్షకుని తేలికపరచి పోవుదురు గదా! వీరును అట్టివారే. రెండు చిత్రణములలోను వీరికి మంచి నటులే దొరకిరి. కాని టెలివిజనువారు వ్యవధి చాలనప్పుడు మొదట కత్తిరించునది వీరినే. అది పొరపాటని నా యభిప్రాయము. నౌకరు నోటినుండి వచ్చు సణుగుడులో యజమాని చరిత్ర తెలియునంతగా మరెక్కడను తెలియదు.

ఇంతవరకు చెప్పినది సులభమైన భాగము. కష్టమైనది 1793 మే మాసపు ఒక రాత్రి.

అప్పటికి ఫ్రాన్సిసు గనిలోని నీటిలో మునిగి మరణించెను. విధవయైన ఎలిజబెత్తు, అప్పులకు, ఒంటరితనమునకు తాళలేక, ఆ జార్జి వార్లెగనునే పెండ్లాడ నొప్పుకొని రాసునకు ఉత్తరము వ్రాయును. రాస్ ఇంట భార్య వలదనుచుండగనే గుఱ్ఱమెక్కి అర్ధరాత్రి ఆ యింటికి పోయి ఆమె గది చొచ్చును. వాదులాట జరుగును. ఆమె పొమ్మనును. అతడు పోడు. అక్కడ గ్రాహం అధ్యాయమును ముగించెను. తరువాత ఏమి జరిగినదో పుటమీద లేదు. కాని దాని నీడ తరువాతి ఎనిమిది నవలలలోను కనబడును. ఆమెకు పుట్టిన బిడ్డ ఎవరి బిడ్డయన్న అనుమానము జార్జిని జీవితాంతము కాల్చును.

2016 లో ఈ ఘట్టము టెలివిజనునకు వచ్చుటకు ముందే తగవు పుట్టెను. అది బలాత్కారమని చదువరులనేకులు ఎరుగుదురు. చిత్రణమున మాత్రము, మొదట పెనుగులాడిన ఆ స్త్రీ పిమ్మట తానే సమ్మతించినట్లు చూపిరి. స్త్రీల క్షేమమునకై పనిచేయువారు దీనిని గట్టిగా ఖండించిరి. మొదట కాదనిన స్త్రీ లోలోన ఔననుచున్నదను అపభావమును ఇది బలపరచునని వారి వాదము. రచయిత కుమారుడును, చిత్రణమునకు సలహాదారుడును అయిన ఆండ్రూ గ్రాహం, నవలలన్నిటిని కలిపి చదివినచో అది బలాత్కారము కాదని సమాధానము చెప్పెను.

నేను ఖండించిన వారి పక్షమునకే మొగ్గుదును. అయితే నా కారణము కొంత వేరు. రాస్ మంచివాడై యుండవలెనని టెలివిజనువారు కోరిరి. నాయకుని ప్రేక్షకులు మరుసటి ఆదివారము కూడ ప్రేమింపవలెను గదా! అందుచేత అతని తప్పును ఆమె కోరికగా మార్చిరి. తొలి చిత్రణమున పెండ్లికి కడుపును కారణముగా తెచ్చినట్లే, ఇక్కడ పాపమునకు సమ్మతిని కారణముగా తెచ్చిరి. రెండుమార్లును లాభము పొందినవాడు నాయకుడే, నష్టపడినది స్త్రీయే. జిమ్ కార్టరును చెరకు పంపిన పెద్దమనుష్యులను అసహ్యించుకొనిన ఆ రాస్, తనది కాని దానిని తనదని పట్టుకొనుటలో ఆ పెద్దమనుష్యులవంటివాడే అయ్యెనన్న చేదుసంగతి నవలలో నున్నది. తెరమీద అది కరిగిపోయెను. డెమెల్జా అతనిని ఎంతకును క్షమింపలేకపోవుటకు భర్త పరస్త్రీని కూడెనన్న అసూయ యొక్కటే మిగిలెను.

మరి ఏమి చేయవలసినది? పుట మూయవచ్చును, తెర మూయుట యెట్లని వారడుగుదురు. మన ఆలంకారికులు దీనికి ఎన్నడో త్రోవ చెప్పిరి. యుద్ధము, వధ, శయనము మొదలగువానిని రంగమున చూపరాదనిరి. వానిని నాటకమునుండి తీసివేయుమని వారి భావము కాదు. తలుపు వెనుక జరుగనిమ్మని. గది తలుపు మూసి, వాకిట నిలిచిన గుఱ్ఱమును తెల్లవారువరకు చూపినను చాలును. గ్రాహం విడిచిన అనుమానము అట్లే నిలిచి, ప్రేక్షకుడు తరువాతి భాగములను చూచుచు తానే తీర్పు చెప్పుకొని యుండును. సందేహము పుటమీద ఎంత సహజమో తెరమీద అంత దుర్లభమందురు. దుర్లభమే, అసాధ్యము కాదు.

కడపటి విడతను గూర్చి త్వరగా చెప్పి ముగింతును. ఏడవ నవల 1799 లో ఆగును. ఎనిమిదవది 1810 లో మొదలగును. నడుమ పదునొక సంవత్సరములు గ్రాహం వ్రాయలేదు. 2019 నాటి అయిదవ విడతను ఆ ఖాళీలో కల్పించిరి. ఎడ్వర్డ్ డెస్పార్డు అను నిజమైన సైనికోద్యోగిని తెచ్చి రాసునకు మిత్రుని చేసిరి. హోండురాసు తీరమున అధికారిగా నుండి, నల్లజాతి స్త్రీని పెండ్లాడి, కడకు రాజద్రోహ నేరమున 1803 లో ఉరితీయబడిన ఆయన కథ చదువదగినది. కాని నవలలలో ఇట్టి కథ లేదు. మొదటి నాలుగు విడతలందు రాస్ చేయు ప్రతి పనికి వెనుక ఒక అప్పు, ఒక గని, ఒక కూలివాని యిల్లు ఉండెను. ఇందు గూఢచారులు, ఫ్రెంచివారు, తుపాకులు వచ్చిరి. ఉత్సాహము కలదు. కాని అతడు ఇది ఏల చేయుచున్నాడని అడిగినప్పుడు కథ నాయకుడు గనుక చేయుచున్నాడనుట తప్ప వేరు జవాబు దొరకుట కష్టమైనది.

నాకిచ్చిన వ్యవధి కావచ్చినది. చూచినవారిలో చాలమంది గుర్తుపట్టి సంతోషించిన ఒక ముచ్చట యున్నది. 1975 లో రాస్ వేషము వేసిన రాబిన్ ఎల్లిసు, 2015 నాటికి తల నెరసి డెబ్బది దాటినవాడై, క్రొత్త చిత్రణమున హాల్స్ అను మతగురువుగా, న్యాయాధికారిగా కనబడెను. జిమ్ కార్టరును విచారించు పీఠమున కూర్చుండినది ఆయనయే. క్రొత్త రాస్ వచ్చి, ఆకలికి పక్షిని పట్టిన ఆ కుఱ్ఱవానిని విడువుడని ఎదుట నిలిచి వాదించును. పాత రాస్ కన్నులెత్తి అతనిని చూచి, వాదమును త్రోసివేసి, శిక్ష విధించును.